సరస్సు మీద మా బుల్లి పేరు

మిషిగన్‌లో నీళ్ళకు కరువు లేదు. ట్రాయ్‌లో మా అమ్మాయి ఇంటి నుంచి ఏ దిక్కుకు కారు తిప్పినా అరగంటలో ఒక సరస్సు కనిపిస్తుంది. అయినా తొమ్మిదేళ్ళుగా నేను కార్తీక దీపాలు స్నానాల తొట్టిలోనే వదులుతున్నాను. కార్తీకం వచ్చేసరికి ఇక్కడ చలి ముదురుతుంది, పార్కుల్లో నిప్పు వెలిగించనివ్వరు. మొదటి ఏడాది తొట్టిలో ముప్పై వత్తులు వెలిగిస్తే పొగకి అలారం మోగింది. మా అల్లుడు తువ్వాలు పట్టుకుని ఇల్లంతా తిరుగుతూ విసిరాడు. అప్పటి నుంచి రెండే దీపాలు. ఒకటి ఇంట్లో అందరికీ. రెండోది మా చెల్లెలు బుల్లికి.

బుల్లితో నేను మాట్లాడి కూడా తొమ్మిదేళ్ళే అయింది. మాట లేకపోతే దీపం ఎందుకని మా అమ్మాయి అడుగుతుంది. మాట వేరు, దీపం వేరు అని చెబుతాను. దానికి అర్థం కాదు. నాకూ పూర్తిగా అర్థం కాదు.

అందుకే సీనియర్ సెంటర్ బల్ల మీద ఆ రంగుల కాగితం చూసినప్పుడు చేతిలో కాఫీ చల్లారేదాకా దాన్నే చూస్తూ ఉండిపోయాను. నాకు ఇంగ్లీషు చదవడం రాదు, బొమ్మ చూశాను. సాయంత్రపు సరస్సు, దాని మీద వందల దీపాలు. జపాను వాళ్ళ పండుగట. పొద్దున్న బస్సు, మధ్యాహ్నం పండుగ, సాయంత్రం పడవ మీద షికారు, అన్నీ కలిపి అరవై అయిదు డాలర్లు. ఆగస్టు నెల, చలి లేదు. మొదటిసారి బుల్లి దీపాన్ని తొట్టిలో కాకుండా నిజం నీళ్ళలో వదలవచ్చు. ఆ ఒక్క పని కోసమే పేరు రాయించుకున్నాను.

బస్సులో

నాతో రమక్క వచ్చింది. రమక్కది కరీంనగర్. కొడుకు పిల్లల్ని చూసుకోవడానికి వచ్చి మా వీధిలోనే ఉంటోంది. నా కన్నా నాలుగేళ్ళు పెద్ద, నా కన్నా పది రెట్లు ధైర్యం. బస్సు ఎక్కగానే సంచీలోంచి సకినాల డబ్బా తీసి ముందు సీటు తెల్లాయనకు పెట్టింది. ఆయన ఒకటి కొరికి, పన్ను పట్టుకుని చూసుకున్నాడు.

"మెల్లగ తినుండ్రి సార్, అది బిస్కెట్ కాదు" అంది రమక్క తెలుగులోనే. ఆయనకు అర్థమైనట్టే తల ఊపాడు.

మా గైడు పేరు నేహ. ట్రాయ్‌లోనే పుట్టిన తెలుగు పిల్ల. ఇరవై ఆరేళ్ళుంటాయి, సెంటర్‌లో ఉద్యోగం. మమ్మల్ని చూసి గబగబా వచ్చింది.

"హాయ్ ఆంటీ! మీరు తెలుగా? మా అమ్మవాళ్ళు గుంటూర్. నా తెలుగు కొంచెం బ్యాడ్ ఉంటది, నవ్వకండి."

"నువ్వు మాట్లాడు బిడ్డా, మేం నవ్వం" అంది రమక్క, నవ్వుతూనే.

తర్వాత నేహ మైకు పట్టుకుని ఇంగ్లీషులో చాలాసేపు చెప్పింది. బస్సులో ముప్పై మంది ఉన్నారు, ఇద్దరం తప్ప అందరికీ ఇంగ్లీషే. నాకు 'లాంటర్న్', 'నేమ్', 'ఫ్యామిలీ' అనే మూడు మాటలు దొరికాయి. రమక్కకు ఇంకో రెండు దొరికినట్టున్నాయి.

"దీపాల మీద పేర్లు రాయాల్నట. మనింటోళ్ళయి" అని చెప్పింది.

నాకు అంతకన్నా కావలసింది ఏముంది?

నాలుగు డాలర్ల అన్నం ముద్ద

పండుగ ఒక పెద్ద పచ్చిక మైదానంలో, సరస్సు ఒడ్డున. కర్రలతో కట్టిన మంచె మధ్యలో ఉంది. దాని మీద ఒకావిడ తలకు తెల్లగుడ్డ చుట్టుకుని, నా నడుమంత డోలును రెండు చేతులా వాయిస్తోంది. ఆ చప్పుడు చెవికి కాదు, కడుపుకి వినిపిస్తుంది. ఈ చుట్టుపక్కల కార్ల కంపెనీల్లో జపాను వాళ్ళు చాలామంది పనిచేస్తారట. ముసలివాళ్ళు, పసివాళ్ళు కూడా పూల పూల నూలు గుడ్డలు కట్టుకుని, నడుముకు వెడల్పాటి పట్టీ బిగించుకుని వచ్చారు. ఆ బట్టలు కట్టుకుని కూర్చోవడం చూస్తే, చీర కట్టుకుని కూర్చునే మనకు తేడా కనిపించదు. వాళ్ళూ మనలాగే కుచ్చిళ్ళు సర్దుకున్నట్టు సర్దుకుని, మోకాళ్ళు దగ్గరగా పెట్టుకుని కూర్చుంటారు.

తిండి దుకాణాలు వరసగా ఉన్నాయి. మూడు మూలల అన్నం ముద్ద నాలుగు డాలర్లు. లోపల పుల్లటి పండు పచ్చడి, పైన నల్లటి పొర. రమక్క శనివారం నీసు ముట్టదు కాబట్టి అదొక్కటే కొన్నది. నల్లటిది కాగితం అనుకుని శ్రద్ధగా ఒలిచి, మడిచి, చెత్తడబ్బాలో వేసింది. దుకాణం ఆయన రెండు చేతులూ తల మీద పెట్టుకున్నాడు. అది సముద్రంలో పెరిగే ఆకట, అదే అసలు రుచట.

"నాలుగు డాలర్లకు ఉత్తన్నం పెట్టి, మీద ఆకు తినుమంటడు. మా తాన విస్తరాకు ఎవ్వరు తినరు" అంది రమక్క.

నేను ఆకుతో సహా తిన్నాను. చేపల రేవు వాసన వచ్చింది. మాది కోనసీమ, నాకు నచ్చింది. ఎనిమిది డాలర్లు పెట్టి చిత్రిక పట్టిన ఐసు మీద ఎర్ర రంగు పోయించుకుని ఇద్దరం ఒకటే గ్లాసులో తిన్నాం. మా ఊళ్ళో తోపుడు బండి దగ్గర బుల్లీ నేనూ ఒక పుల్ల ఐసును అలాగే తినేవాళ్ళం. అది కొరికేది, నేను చప్పరించేదాన్ని, ఎప్పుడూ దానికే ఎక్కువ దక్కేది.

అంతలో మంచె చుట్టూ ఆడవాళ్ళు వలయం కట్టి ఆట మొదలుపెట్టారు. మూడు అడుగులు ముందుకు, ఒకటి వెనక్కి, వంగి, చప్పట్లు. రమక్క కళ్ళు వెడల్పయ్యాయి.

"సత్యవతీ, గిది మన బతుకమ్మనే!"

సంచీ నా ఒళ్ళో పడేసి వెళ్ళి వలయంలో దూరింది. రెండో చుట్టుకే అడుగు దొరికించుకుంది. మూడో చుట్టుకు ముందున్న జపానావిడ తప్పు అడుగు వేస్తే ఈవిడ దిద్దింది. ఆయాసపడుతూ తిరిగొచ్చి, "చుట్టు తిరిగి ఆడుడు, పొద్దుమీకి నీళ్ళల్ల వదులుడు. ఒక్కటే పండుగ. పేరే వేరే" అని తేల్చేసింది.

నాకూ అలాగే తోచింది. మా వైపు కార్తీకం వెళ్ళిన మర్నాడు, పాడ్యమి నాడు అరటి దొప్పల్లో దీపాలు పెట్టి తెల్లవారుజామున కాలువలో వదులుతాం. ఇక్కడ అందరూ నవ్వుతున్నారు, పిల్లలు ఐసు తింటున్నారు, డోలు మోగుతోంది. మంచి కోరి చేసే పండుగ కాకపోతే ఇంకేమవుతుంది?

పేరు రాసే బల్ల

సరస్సు వైపు ఒక గుడారం కింద పొడుగాటి బల్లలు వేశారు. నాలుగు పక్కలా తెల్ల కాగితం అంటించిన చిన్న చెక్క చట్రాలు, పక్కన సిరా కుంచెలు. చట్రం పది డాలర్లు. లోపల వెలిగేది నిప్పు కాదు, బ్యాటరీ దీపం. మా అల్లుడు చూస్తే సంతోషించేవాడు.

రమక్క కుంచె తీసుకుని టకటకా అయిదుగురు మనవల పేర్లూ ఒకే దీపం మీద రాసేసింది. నాకు టైము పట్టింది. నేను చదువుకున్నది యాభై రెండో ఏట. మా వీధిలో పని మానేసిన పంతులమ్మ గారు మధ్యాహ్నాలు వాళ్ళ అరుగు మీద ఆడవాళ్ళకి అక్షరాలు చెప్పేవారు. ఇప్పటికీ నేను అక్షరం రాయను, కడతాను, గోడ కట్టినట్టు.

అంతకు ముందు నాకు రాయడమూ, చదవడమూ అంతా బుల్లే. నా భర్త మస్కట్‌లో పనిచేసేవారు. ఆయన దగ్గర నుంచి ఉత్తరం వస్తే బుల్లి నా పక్కన కూర్చుని చదివేది, నేను చెప్పింది రాసేది. నాకు ఇరవై ఏడు, దానికి పంతొమ్మిది. ఒకసారి ఆయన బాగున్నాననీ, వచ్చే ఏడు వస్తాననీ రాశారని చదివింది. నేను "మేము బాగున్నాం, తొందరపడి రావద్దు" అని రాయించాను. నాలుగు నెలలకు ఆయన అక్కడే పోయారు.

పాతికేళ్ళ తర్వాత, అక్షరాలు కూడబలుక్కోవడం వచ్చాక, పెట్టెలో దాచిన ఆ ఉత్తరాలు తీశాను. ఆయన మాటలు నా కళ్ళతో నేను చదువుకోవాలని ఆశ. ఆ ఉత్తరం చదవడానికి ఒక పూట పట్టింది. గుండెలో నొప్పిగా ఉంటోందనీ, డాక్టరు ఇంటికి వెళ్ళిపొమ్మంటున్నాడనీ, "నువ్వు రమ్మంటే వచ్చేస్తాను" అనీ ఉంది అందులో.

నేను రమ్మనలేదు.

బుల్లిని పిలిచి అడిగాను. అది ఏడుస్తూ చెప్పింది: "భయమేసిందక్కా. నీకు అప్పుడు ఏడో నెల. ముందు రెండు కాన్పులూ పోయాయి. ఇది కూడా పోతుందని..."

ఆ ఏడో నెల కడుపులో ఉన్నదే ఇప్పుడు నేనున్న ఇంటి ఇల్లాలు. ఆ సంగతి ఆ రోజు నాకు తట్టలేదు. "ఇవాళ్టి నుంచి నువ్వు నాకు చచ్చిపోయావు" అన్నాను. ఆ మాట నోట్లోంచి వచ్చాక మింగడానికి తొమ్మిదేళ్ళూ చాలలేదు. ఏడాది పాటు అదే ఫోన్ చేసింది. నేను తీయలేదు. తర్వాత మానేసింది. మా అమ్మాయి పిన్నితో మాట్లాడేటప్పుడు నేను పక్క గదిలోకి పోతాను. పోయి, తలుపు సందులోంచి వింటాను. దానికి బీపీ మాత్ర మార్చారని అలాగే తెలిసింది.

ఆ బల్ల దగ్గర కుంచె ముంచి, ఒక్కో అక్షరమూ కట్టి రాశాను: 'మా బుల్లి'. ఇంకో పక్క కాగితం మీద 'చల్లగా ఉండాలి'. లాంటర్న్‌లు తీసుకునే అమ్మాయి రెండు చేతులతో అందుకుని, నాకు వంగి దండం పెట్టింది. ఎంత మర్యాద అనుకున్నాను.

పడవ మీద

పడవ పెద్దదే, రెండు అంతస్తులు. కింద చివరలో పళ్ళేల నిండా దీపాలు పేర్చారు. ఒడ్డున గుండు చేయించుకున్న ఒక స్వామి చాలాసేపు మంత్రం చదివాడు. పడవ కదిలాక గాలి చల్లగా తగిలింది. నీళ్ళ వాసన మా కాలువ వాసన కాదు, అందులో బురద లేదు. అయినా నీళ్ళ మీద పోతుంటే మనసు మన వైపే పోతుంది. గట్టున గుడ్డలు ఉతుకుతూ బుల్లి నా మీద చల్లిన నీళ్ళు ఇన్నేళ్ళ తర్వాత ముఖానికి తగిలినట్టైంది.

నా పక్కన కెయికో గారని ఒక జపానావిడ కూర్చుంది. డెబ్భై దాటి ఉంటాయి. ఆవిడ ఇంగ్లీషూ నా ఇంగ్లీషూ ఒకే ఎత్తువి కాబట్టి మాకు బాగా కుదిరింది. ఆవిడ తన ఒళ్ళోని రెండు దీపాలు చూపించింది.

"హస్బెండ్" అంది ఒకటి చూపి. రెండోది చూపి, "డాగ్" అంది.

నేను నవ్వాను. ఆవిడా నవ్వింది. భర్త ఇంటికి వచ్చాడో లేదో తెలియదు కానీ కుక్క మాత్రం తప్పకుండా వచ్చి ఉంటుందని చేతులతో చెప్పింది. మూడు రోజులు ఇంట్లో ఉన్నారట, ఇవాళ దీపం చూపించి సాగనంపుతోందట.

"యూ?" అని అడిగింది. "హూ?"

"సిస్టర్. స్మాల్ సిస్టర్."

ఆవిడ ముఖం జాలిగా మారిపోయింది. నా చెయ్యి తన చేతుల్లోకి తీసుకుంది.

"వెన్ డై?"

ఆ రెండు మాటలూ నాకు ఇంగ్లీషులో తెలుసు.

"నో డై!" అన్నాను. "నో, నో. లివింగ్. రాజమండ్రి!"

కెయికో గారు నా చెయ్యి వదిలేసింది. ఎదురు సీటులోంచి రమక్క ఇటు తిరిగింది. నేహను కేకేశాను. అది పరుగెత్తుకొచ్చి, ఒక్క నిమిషం మా ముఖాలు చూసి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"ఓ మై గాడ్ ఆంటీ. ఇది చనిపోయినవాళ్ళకి. మైక్‌లో చెప్పాను కదా! వాళ్ళు ఇంటికి వస్తారు, తర్వాత లైట్ పెట్టి వెనక్కి పంపిస్తాం. మీ పెద్దలకి పెడతారు కదా, అలాంటిది."

"తెలుగులో చెప్పలేదు కదమ్మా."

"బస్సుల ముప్పై మంది ఉన్నరు, మనకోసం చెప్తదా" అని రమక్క అంది కానీ అప్పటికే లేచి నిలబడింది. "ఓ పిల్లా, నా మనవలు! అయిదుగురున్నరు దాంట్ల!"

మేం చివరికి చేరేసరికి వదలడం మొదలైంది. పళ్ళెం తర్వాత పళ్ళెం నీళ్ళలోకి దించుతున్నారు. రమక్క దీపం అడుగు పళ్ళెంలో దొరికింది. దాన్ని గుంజుకుని, కొంగులో చుట్టి, చంటిపిల్లను ఎత్తుకున్నట్టు ఎత్తుకుంది. ఇంటికి వచ్చేదాకా దించలేదు.

నాది లేదు. మొదటి పళ్ళెంలోనే వెళ్ళిపోయింది.

ఎంత దూరంలో ఉందో కూడా తెలిసింది. అన్ని జపాను, ఇంగ్లీషు రాతల మధ్య గుండ్రటి తెలుగు అక్షరాలు అదొక్కదానికే. పడవకు ఇరవై బారల దూరంలో, ఎవరెవరి తండ్రులతోనో, భర్తలతోనో, ఏ కుక్కతోనో కలిసి మా బుల్లి పేరు మెల్లగా పోతోంది.

"డోంట్ వర్రీ ఆంటీ, తర్వాత చిన్న బోట్‌లు వచ్చి అన్నీ కలెక్ట్ చేస్తాయి. లేక్‌లో ఏమీ వదలరు. మీది మీకు ఇప్పిస్తాను, ప్రామిస్" అంది నేహ. దాని కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

కాగితం తిరిగొస్తుంది. నాకు తెలుసు. కానీ చచ్చిపోయావని తొమ్మిదేళ్ళ క్రితం నోటితో అన్నాను. ఇవాళ నా చేత్తో రాసి, మంత్రం చదివించి, దీపం పెట్టి మరీ పంపాను. వాళ్ళందరూ వచ్చినవాళ్ళను సాగనంపుతున్నారు. నేనేమో రానే రాని మనిషిని, నేను రమ్మననిదాన్ని పంపేశాను.

రమ్మననిదాన్ని. ఆ మాట దగ్గర మస్కట్ ఉత్తరం గుర్తొచ్చింది. రెయిలింగు పట్టుకున్నాను. రమక్క నా వీపు నిమురుతూ, "ఏం కాదు, ఊకో, ఏం కాదే" అంటూనే ఉంది. కెయికో గారు తన దీపాలు రెండూ దింపేసి వచ్చి నా ముందు నిలబడింది. బొటనవేలు చెవి దగ్గరా, చిటికెనవేలు నోటి దగ్గరా పెట్టుకుంది.

"అలైవ్?" అంది.

తల ఊపాను.

"దెన్ టెలిఫోన్."

అంత తేలిగ్గా చెప్పింది, ఉప్పు తగ్గింది వెయ్యి అన్నట్టు.

అవతలి పొద్దు

మా దగ్గర శనివారం పొద్దు గుంకిపోయింది. అక్కడ ఆదివారం తెల్లవారి ఆరు దాటి ఉంటుంది. బుల్లి అయిదింటికే లేస్తుంది. నెంబరు నా ఫోన్‌లో ఉంది. పేరు కూడా అక్షరాలు వచ్చాక నేను కట్టిందే. వేలు పెట్టడానికే తొమ్మిదేళ్ళు పట్టింది. నా ఫోన్ నుంచి వెళ్తే తీయదేమోనని భయం, తీస్తే ఇంకా భయం.

ఆరుసార్లు మోగింది.

"హలో?"

అవతల కాకి అరుస్తోంది.

"హలో, ఎవరండీ? హలో..." తర్వాత, "అక్కా?"

"ఊఁ."

"ఏమైంది? అమ్మాయికి బానే ఉందా? పిల్లలు?"

"అందరూ బాగున్నారు. బుల్లీ... నువ్వు బతికే ఉన్నావా?"

ఎందుకలా అడిగానో తెలియదు. అడగాలనుకున్నది అది కాదు. అవతల చిన్న చప్పుడు వచ్చింది, నవ్వో మరొకటో.

"చచ్చిపోయావన్నది నువ్వే కదా. మళ్ళీ నన్నే కనుక్కుంటున్నావా?"

"నువ్వు రా" అన్నాను.

"ఎక్కడికి?"

వీసా గొడవ ఉంది, బుల్లికి బీపీ ఉంది, నాకు మోకాళ్ళున్నాయి. ఎక్కడికని చెప్పను? ఎవరికీ ఎప్పుడూ అనని మాట కాబట్టి మళ్ళీ అన్నాను. "రా."

అవతల ముక్కు ఎగబీల్చిన శబ్దం. ఉన్నట్టుండి గొంతు మారింది. "అయ్యో, పాలు! అక్కా, పాలు పొంగుతున్నాయి, ఉండు. పెట్టేయకు. వస్తున్నా, పెట్టేయకు."

ఫోన్‌ను ఏ గట్టు మీదో పెట్టింది. పొయ్యి ఆర్పిన టిక్కు వినిపించింది. గిన్నె దించింది. గుడ్డతో గట్టు తుడుస్తోంది. కుళాయి తిప్పింది, కట్టింది. చిన్నప్పటి నుంచీ దానికి పాలు కాచడం రాదు, ప్రతిరోజూ పొంగించేది, ప్రతిరోజూ నేను తిట్టేదాన్ని.

సరస్సు మీద దీపాలు చుక్కలంత అయ్యాయి. మాది ఏదో ఇక పోల్చలేకపోయాను. రమక్క అయిదుగురు మనవల్నీ ఒళ్ళో పెట్టుకుని నన్నే చూస్తోంది. పడవ వెనక్కి తిరిగింది.

నేను ఫోన్ పెట్టలేదు.